ఇసుక ముగ్గు నుంచి రోషార్ దాకా

శ్రుతి కలిపిన రెండు తంబురాలు పక్కపక్కన ఉన్నప్పుడు ఒకదాని తీగ మీటితే, ఎవరూ ముట్టుకోని రెండోదాని తీగ కూడా సన్నగా పలుకుతుంది. దీన్నే అనునాదం అంటారు. ఒకచోట పుట్టిన కంపనం గాలిలోంచి వచ్చి, తనతో శ్రుతి కలిసినదాన్ని మేల్కొలుపుతుంది. కారణం తెలిసినా ఆశ్చర్యం తగ్గదు. ఆ ఆశ్చర్యాన్ని పెట్టుబడిగా చేసుకుని కథల్లో ఒక కల్పిత శాస్త్రమే పుట్టుకొచ్చింది.

మొదటి అడుగు మాత్రం నిజమైన శాస్త్రానిదే. 1787లో జర్మన్ శాస్త్రజ్ఞుడు ఎర్న్‌స్ట్ క్లాడ్నీ పలుచని పలక మీద ఇసుక చల్లి, దాని అంచున వయొలిన్ కమాను రాసి చూపిన ప్రయోగాల పుస్తకం వెలువరించాడు. అదిరే చోట్ల నుంచి ఇసుక జారిపోయి, కదలని గీతల వెంట పేరుకుంది. పలక మీద ముగ్గు పడింది. 1809లో ఈ ప్రదర్శన చూసిన నెపోలియన్ ముచ్చటపడి, దాని గణితాన్ని వివరించినవారికి బహుమతి ప్రకటింపజేశాడు. 1816లో ఆ బహుమతి సోఫీ జెర్మేన్ అనే గణితజ్ఞురాలికి దక్కింది. చెవికి మాత్రమే తెలిసే నాదానికి ఆకారం కూడా ఉంటుందని లోకం కళ్లారా చూసింది.

ఆ తరవాత అయస్కాంతం చుట్టూ కనిపించని ‘క్షేత్రం’ ఉంటుందని శాస్త్రజ్ఞుడు ఫారడే చెప్పాడు. ప్రకృతిలోని శక్తులన్నీ మూలంలో ఒక్కటేనని కూడా ఆయన నమ్మాడు. ఆ నమ్మకాన్ని నవలాకారుడు ఎడ్వర్డ్ బుల్వర్ లిటన్ అందిపుచ్చుకున్నాడు.

1871లో రచయిత పేరు లేకుండా వెలువడిన ‘ద కమింగ్ రేస్’ నవలలో ఒక అమెరికన్ గనిలోంచి భూగర్భంలో ఉన్న మరో లోకానికి చేరతాడు. అక్కడివారి చేతిలో ఉన్న శక్తి పేరు వ్రిల్. అది దీపమై వెలుగుతుంది, రోగం నయం చేస్తుంది, యంత్రాలు తిప్పుతుంది. ఒక పసివాడి చేతికర్రలో ఉంటే నగరాన్ని బూడిద చేస్తుంది. ఎవరికివారు అందరినీ నాశనం చేయగలరు కనుక ఆ లోకంలో యుద్ధాలే ఆగిపోయాయి. అణుబాంబుకు ఏడు దశాబ్దాల ముందు రాసిన మాట ఇది. ఈ నవలలో అన్నిటికన్నా లోతైన ఊహ ఇదేననిపిస్తుంది. ఆ శక్తిని కథకుడు పరిచయం చేసేటప్పుడు సాక్ష్యంగా ఫారడేనే పిలుస్తాడు.

ఇక్కడొక సంగతి తెలుగువారు గుర్తుంచుకోవాలి. ఆ నవలాకారుడి కొడుకు రాబర్ట్ లిటన్ 1876 నుంచి 1880 దాకా భారత వైస్రాయి. రాయలసీమను పీల్చి పిప్పిచేసిన ధాత కరువు ఆయన ఏలుబడిలోనే వచ్చింది. తండ్రి పుస్తకంలో కొరత ఎరుగని లోకం, కొడుకు పాలనలో గింజ దొరకని జనం.

వ్రిల్ పుస్తకంలోనే ఉండిపోలేదు. 1886లో జాన్ లాసన్ జాన్‌స్టన్ తన గొడ్డుమాంసం సారానికి, ఎద్దును సూచించే లాటిన్ మాటకు వ్రిల్‌ను జోడించి బోవ్రిల్ అని పేరు పెట్టాడు. 1891లో లండన్‌లోని రాయల్ ఆల్బర్ట్ హాలును ఆ నవలాలోకంలా అలంకరించి ధర్మకార్యానికి చందాలు పోగుచేశారు. ఇంతవరకు ఎవరికీ నష్టం లేదు.

నష్టం ఫిలడెల్ఫియాలో జరిగింది. జాన్ కీలీ అనే ఆయన, శ్రుతి కుదిరిన కంపనాలతో, అంతటా నిండి ఉందని అప్పట్లో నమ్మిన ఈథర్‌లోని శక్తిని వెలికితీసే యంత్రం కనిపెట్టానని 1870లలో ప్రకటించాడు. శ్రుతిదండం మోగించి, వయొలిన్ వాయించి యంత్రాన్ని కదిలించేవాడు. పెద్దమనుషులు ఆయన కంపెనీ వాటాలు కొన్నారు. క్లారా బ్లూమ్‌ఫీల్డ్ మూర్ అనే సంపన్న వితంతువు ఏళ్ల తరబడి డబ్బు సమకూర్చింది. థియోసాఫికల్ సొసైటీ స్థాపకుల్లో ఒకరైన బ్లావట్‌స్కీ 1888 నాటి తన ‘సీక్రెట్ డాక్ట్రిన్’లో కీలీ గురించి రాస్తూ, వ్రిల్ అనే పేరు కల్పితమైనా ఆ శక్తి నిజమేనంది. అమ్మకానికి పనికొచ్చే యంత్రం మాత్రం ఒక్కటీ బయటికి రాలేదు. 1898లో కీలీ మరణించాడు. మరుసటి ఏడాది ఆయన ప్రయోగశాల నేల తవ్వితే, గాలిని ఒత్తి నింపడానికి పనికొచ్చే పెద్ద ఇనుప గోళం, గొట్టాలు బయటపడ్డాయి. నవలలో గౌరవం పొందిన ఊహే వాటాల పత్రం మీద అచ్చయ్యేసరికి మోసమైంది. ఈ తేడా తెలియనివారు ఈనాటికీ ‘కంపన చికిత్స’ల పేరుతో డబ్బు పోగొట్టుకుంటూనే ఉన్నారు.

ఈ కల్పిత శాస్త్రం తన అసలు చోటికి, అంటే కథలోకి, ఇరవయ్యో శతాబ్దంలో తిరిగివచ్చింది. 1977లో వచ్చిన ‘స్టార్ వార్స్’ సినిమాలో ఫోర్స్ అనేది జీవులన్నిటినీ కలిపే శక్తిక్షేత్రం. అయితే దానికి కొలతలు, నియమాలు దాదాపు లేవు. ఆ లోటు తీర్చింది నవలాకారుడు బ్రాండన్ శాండర్సన్. ఆయన సృష్టించిన రోషార్ లోకంలో తుపాను నుంచి శక్తినిచ్చే కాంతి రత్నాల్లోకి చేరుతుంది. 2010 నాటి ‘ద వే ఆఫ్ కింగ్స్’లో ఒక పాత్ర పలక మీద ఇసుక పోసి, శబ్దంతో అదరగొట్టి, పడిన ఆకారాలు నగరాల పటాలను పోలి ఉన్నాయని చూపుతుంది. 2020 నాటి ‘రిథమ్ ఆఫ్ వార్’లో నవానీ అనే రాణి అక్కడి ఒక్కో రకం కాంతికి ఒక్కో స్వరం ఉందని పసిగట్టి, కలవనివనుకున్న రెండు కాంతులను స్వరాలు కలిపి కలుపుతుంది. ఆమె పొరపడుతుంది, మళ్లీ కొలుస్తుంది, ప్రయోగం మార్చి చూస్తుంది. కీలీ ఒక్కరోజూ చేయని పని అది.

రోషార్‌లోని ఆ ఇసుక పలక క్లాడ్నీ పలకే. ఇనుప రేకు, గుప్పెడు ఉప్పు, పాత వయొలిన్ కమాను ఉంటే ఏ బడిలోనైనా ఆ ముగ్గును పిల్లలకు చూపించవచ్చు. ఉపాధ్యాయులు ఒక్కసారి ప్రయత్నించి చూడండి.