బాన్సువాడ: లెక్క రాసినోళ్లు, లెక్క కోసం ఉరికినోళ్లు

ఒక ప్రాంతపు జనాభా, పరిపాలన గురించి రాసే సర్కారు పుస్తకాలు ఎన్ని ఊళ్లు, ఎంత శిస్తు, ఎంత ఆయకట్టు అని మొదలుపెడతాయి. ఆ లెక్కలు మనకూ అవసరమే. కానీ ఆ లెక్కలు రాసింది ఎవరు? వాటి కోసం ఎండలో, వానలో ఉరికింది ఎవరు? బాన్సువాడ చరిత్రను మేము ఈ ప్రశ్నతో చూస్తున్నాం.

నిజాం పాలనలో బాన్సువాడ నిజామాబాద్ జిల్లాలో ఒక తాలూకా. ఊళ్లో మాలీ పటేల్ శిస్తు వసూలు చేసేవాడు, పోలీసు పటేల్ నేరాల సంగతి చూసేవాడు, పట్వారీ దస్త్రం రాసేవాడు. ఈ పదవులు ఎక్కువగా ఆధిపత్య కులాల ఇండ్లల్లోనే తరతరాలుగా సాగినయి. వాళ్ల కింద సేత్‌సింధి, నీరడి ఉండేవాళ్లు. దండోరా వేయడం, గిర్దావరు వస్తే వెంట తిరగడం, కాగితం తాలూకాకు మోయడం, చెరువు తూము చూడడం వాళ్ల పని. తెలంగాణ పల్లెల్లో ఈ చాకిరీ చాలావరకు మాల, మాదిగలదే. బదులుగా కొద్దిపాటి ఇనాం చెలక, కల్లం కాడ ఇన్ని గింజలు. మిగిలిందంతా వెట్టి.

1931 ఈ ప్రాంతానికి ముఖ్యమైన ఏడు. 1923లో మంజీరా మీద మొదలైన నిజాంసాగర్ ఆ ఏడే పూర్తయింది. కాలువ కింద 2.75 లక్షల ఎకరాల ఆయకట్టు లక్ష్యం. కోస్తా జిల్లాల రైతులు వచ్చి, భూములు కొని, క్యాంపులు కట్టుకున్నరు. వరి, చెరుకు పెరిగినయి, జనం పెరిగిన్రు. అయితే కాలువ నీళ్లు పట్టా ఉన్నోని మడికే పారినయి. పట్టా లేని వాడకు దక్కింది నాటు కూలి, కోత కూలి.

అదే ఏడు జనాభా లెక్కల్లో, భాగ్యరెడ్డి వర్మ వంటివాళ్ల ఉద్యమ ఫలితంగా, హైదరాబాద్ రాజ్యంలోని అంటరాని కులాలు 'ఆది హిందువులు'గా నమోదైనయి. ఇతరులు పెట్టిన పేరు కాక, తాము అడిగిన పేరు సర్కారు పుస్తకంలోకెక్కింది. ఇది చిన్న విజయం కాదు. కానీ మనిషి పేరు మారినంత తేలిగ్గా భూమి పేరు మారలేదు. 1954–55 ఖాస్రా పహాణీ ఈనాటికీ భూతగాదాల్లో ఆధారం. దాన్ని రాసిన కలం కూడా పాత చేతుల్లోనే ఉండె.

1984లో పటేల్, పట్వారీ పదవులను ఆర్డినెన్స్‌తో రద్దు చేసిన్రు. 1985లో తాలూకాలు పోయి మండలాలు వచ్చినయి. 2016 అక్టోబరు 11న కామారెడ్డి జిల్లా ఏర్పడ్డది, బాన్సువాడ అందులోకి పోయింది. 2020లో వీఆర్వోలను తీసేసిన్రు. అదే ఏడు వచ్చిన ధరణిలో సాగుదారు కాలమే లేకుండా పోయింది. పట్టా లేకుండా దున్నుకునేటోని గుర్తు అట్ల చెరిగిపోయింది.

ఇన్ని మార్పుల్లో పుస్తకం పట్టినోడు మారిండు, పుస్తకం మోసేటోడు మాత్రం అక్కడనే ఉన్నడు. సేత్‌సింధి, నీరడి పేర్లు పోయి 'గ్రామ రెవెన్యూ సహాయకుడు' అయిండు. పే స్కేలు కోసం 2022లో నెలల తరబడి సమ్మె చేస్తే, 2023లో ఆ వ్యవస్థను రద్దు చేసి ఇరవై వేలకు పైగా మందిని ఇతర శాఖల్లో సర్దిన్రు. 2025లో గ్రామ పాలన అధికారులను పెట్టినప్పుడు పాత వీఆర్వోలతో పాటు వీఆర్ఏలకూ పరీక్ష రాసే వీలు దొరికింది. దండోరా వేసిన ఇంటి బిడ్డ దస్త్రం ముందు కూచునే దారి, సన్నగానైనా, తెరుచుకున్నది.

2024 కులసర్వే తెలంగాణలో దళితులు 17.43 శాతం అని చెప్పింది. తలల లెక్క తేలింది. ఇక ఊరూరా తేలాల్సింది భూమి లెక్క: ఇనాం చెలకలు ఎవరి పేరెక్కినయి, కాలువ కింద మడి ఎవరిది? విద్యార్థులు, టీచర్లు, కార్యకర్తలు తమ ఊరి ఖాస్రా నకలు తీసి, వాడ పెద్దమనుషుల ముందర చదవాలె. మన చరిత్ర రాయడం అక్కడినుంచే మొదలైతది.