బంతి చేతబట్టుకొని వలసపోయారు

అమెరికాలోని నార్త్ కరోలినా రాష్ట్రంలో క్యారీ అనే ఊరుంది. రాష్ట్ర రాజధాని రాలీని ఆనుకొని ఉంటుంది. చుట్టుపక్కల కంప్యూటర్ కంపెనీలు, మందుల కంపెనీలు ఉండటంతో మనవాళ్ళు చాలామంది అక్కడ స్థిరపడ్డారు. 2009లో అక్కడ వేంకటేశ్వరస్వామి గుడి కూడా వెలిసింది. మన క్యాంపుల్లో కూడా ఆ ఊళ్ళో బంధువులున్నవాళ్ళు ఉండవచ్చు.

ఆ 2009 జనవరి 24వ తేదీనే, క్యారీ ఆస్పత్రిలో ఒక బాస్కెట్‌బాల్ కోచ్ కన్నుమూశారు. ఆమె పేరు కే యౌ. వయసు 66. రొమ్ము క్యాన్సర్‌తో ఆమె చేసిన పోరాటం 1987లో మొదలైంది. అంతిమ ప్రార్థనలు కూడా క్యారీలోని చర్చిలోనే జరిగాయి. తన అంత్యక్రియలకు వచ్చేవాళ్ళ కోసం ఆమె ముందుగానే తన మాటలు వీడియోలో రికార్డు చేయించి పెట్టుకున్నారు. ఆ రోజు జనం ఆ మాటలు విన్నారు.

ఆమె చేతి కింద ఆడిన ఆడపిల్లల కథ మనం ఈ వారం చెప్పుకుందాం. ఎందుకంటే అది వలస కథ. అమెరికా వాళ్ళు కూడా కూలి కోసం పరాయి దేశం పోతారా అని మనకు అనుమానం రావచ్చు. పోయారు. ఒకరిద్దరు కాదు, ఒక తరం మొత్తం పోయింది.

ఆట ఉంది, కూలి లేదు

1972లో అమెరికా ప్రభుత్వం ఒక చట్టం చేసింది. సర్కారు డబ్బు తీసుకునే బడులు, కాలేజీలు ఆడపిల్లల పట్ల తేడా చూపకూడదని ఆ చట్టం చెప్పింది. దాంతో కాలేజీల్లో ఆడపిల్లలకు ఆటల జట్లు, స్కాలర్‌షిప్పులు వచ్చాయి. కే యౌ 1975లో రాలీలోని నార్త్ కరోలినా స్టేట్ యూనివర్సిటీలో మహిళల జట్టుకు కోచ్‌గా చేరారు. చనిపోయే వరకు ఆ ఉద్యోగంలోనే ఉన్నారు. మొత్తం జీవితంలో ఆమె జట్లు 737 మ్యాచ్‌లు గెలిచాయి.

కాలేజీలో ఆట బాగానే సాగింది. చదువు అయిపోయాక ఏం చేయాలన్నదే చిక్కు. మగవాళ్ళకు కోట్ల డాలర్ల ఎన్.బి.ఎ. ఉంది. ఆడవాళ్ళకు ఏమీ లేదు. 1978లో మహిళల ప్రొఫెషనల్ లీగ్ ఒకటి పెట్టారు గానీ మూడు సీజన్లకే మూతపడింది. జీతాలు సరిగా ఇవ్వలేదు. 1981 మార్చిలో మిన్నెసోటా జట్టు అమ్మాయిలు జీతం బకాయిల కోసం ఆట మొదలయ్యే వేళ కోర్టు వదిలి బయటకు నడిచారు. జీతం రాని నెలలో సైట్‌కు వెళ్ళకుండా క్యాంపులో కూర్చోవడం అంటే ఏమిటో తెలిసిన మనకు ఆ నడక అర్థమవుతుంది.

1988లో సియోల్ ఒలింపిక్స్‌కు వెళ్ళిన అమెరికా మహిళల జట్టుకు కే యౌ కోచ్. క్యాన్సర్ బయటపడిన మరుసటి ఏడాదే అది. ఫైనల్లో యుగోస్లావియాపై 77-70 తేడాతో గెలిచి బంగారు పతకం తెచ్చారు. మెడలో బంగారు పతకం ఉంది, దేశం చప్పట్లు కొట్టింది. కానీ ఆ ఆట ఆడి జీతం తీసుకొనే చోటు సొంత దేశంలో లేదు. ఇటలీ, స్పెయిన్, ఫ్రాన్స్, జపాన్ క్లబ్బులే దిక్కయ్యాయి.

ఇటలీలో ఒక దశాబ్దం

ఆ జట్టులో సింథియా కూపర్ అనే అమ్మాయి ఉంది. 1963లో చికాగోలో పుట్టింది. లాస్ ఏంజిలెస్‌లో వాట్స్ అనే పేదల పేటలో పెరిగింది. ఎనిమిది మంది పిల్లలను తల్లి ఒక్కతే సాకింది. సదరన్ కాలిఫోర్నియా యూనివర్సిటీ జట్టు 1983లోనూ 1984లోనూ దేశంలో మొదటి స్థానం గెలిచినప్పుడు కూపర్ ఆ జట్టులోనే ఉంది. అయితే పేరంతా చెరిల్ మిల్లర్ లాంటి తోటివాళ్ళకు వచ్చింది. కూపర్ పని వాళ్ళకు సాయం చేయడం. ఇంకోమాటలో చెప్పాలంటే మేస్త్రీ కాదు, హెల్పర్.

1986లో ఆమె స్పెయిన్ వెళ్ళింది. ఒక సీజన్ అయ్యాక ఇటలీలోని పార్మా క్లబ్బుకు మారింది. మధ్యలో రెండు సీజన్లు సిసిలీ ద్వీపంలోని అల్కామోలో ఆడి, మళ్ళీ పార్మాకే వచ్చింది. అలా 1997 వరకు ఇటలీలోనే గడిచింది.

విదేశీ క్లబ్బుల్లో పని ఎలా ఉంటుందో కొంచెం తెలుసుకోవాలి. ఆ రోజుల్లో ఒక్కో జట్టు ఒకరిద్దరు విదేశీయులనే పెట్టుకునేది. క్లబ్బు జీతం ఇస్తుంది, ఉండటానికి ఇల్లు ఇస్తుంది, విమానం టికెట్ ఇస్తుంది. బదులుగా పాయింట్లన్నీ ఆ విదేశీ మనిషే కొట్టాలని చూస్తుంది. గెలిస్తే జట్టు గెలిచినట్టు. ఓడితే మొదటి వేలు చూపించేది బయట నుంచి వచ్చిన మనిషి వైపే. దెబ్బ తగిలి పడుకుంటే ఆ చోటికి ఇంకొకరిని తెప్పించుకోవడం క్లబ్బుకు పెద్ద పని కాదు.

కూపర్‌ను ఆ బరువే మార్చింది. ఇంటి దగ్గర సాయం చేసే చోట ఉన్న మనిషి, అక్కడ జట్టు మొత్తాన్ని భుజాన మోసే మనిషి అయింది. ఏటేటా లీగ్‌లో ఎక్కువ పాయింట్లు చేసేవాళ్ళ వరుసలో పేరు తెచ్చుకుంది. భాష రాని దేశంలో దిగి ఇటాలియన్ ధారాళంగా మాట్లాడటం నేర్చుకుంది. కానీ ఆ ఆట అమెరికా టీవీల్లో రాలేదు. పార్మాలో తెలిసిన ముఖం లాస్ ఏంజిలెస్‌లో ఎవరికీ తెలియదు. 1992 బార్సిలోనా ఒలింపిక్స్‌లో కాంస్యం తెచ్చిన జట్టులో ఉంది గానీ, 1996లో సొంత దేశంలోనే అట్లాంటా ఒలింపిక్స్ జరిగినప్పుడు జట్టులో చోటు దొరకలేదు. ఊరికి దూరంగా ఏళ్ళ తరబడి కష్టపడితే ఊళ్ళో మన లెక్క తగ్గిపోతుందన్న బాధ మనకు కొత్త కాదు.

కే యౌ సొంత కాలేజీ శిష్యురాలు ఆండ్రియా స్టిన్సన్ దారి కూడా ఇదే. ఆమె నార్త్ కరోలినా పిల్లే. రాలీలో మూడు సీజన్లు ఆడి 2 వేలకు పైగా పాయింట్లు చేసింది. 1991లో కాలేజీ అయ్యింది. ఆ తర్వాత ఆమె కూడా యూరప్ బాట పట్టి ఇటలీలో ఆడింది.

ఇంటి తలుపు తెరుచుకుంది

1996 అట్లాంటా ఒలింపిక్స్‌లో అమెరికా మహిళలు బంగారు పతకం గెలిచారు. ఆ ఊపులో రెండు లీగ్‌లు పుట్టాయి. అందులో ఒకటి, ఎ.బి.ఎల్., 1998 డిసెంబరులో సీజన్ మధ్యలోనే దివాలా తీసింది. రెండోది డబ్ల్యు.ఎన్.బి.ఎ. 1997 జూన్ 21న ఎనిమిది జట్లతో మొదలై ఇప్పటికీ నడుస్తోంది.

విదేశాల నుంచి వాళ్ళు తిరిగి వచ్చారు. స్టిన్సన్‌కు సొంత రాష్ట్రంలోని షార్లట్ జట్టులోనే చోటు వచ్చింది. అప్పటికి ఆమెకు 29 ఏళ్ళు. 2004 వరకు అక్కడే ఆడింది. 2001లో ఆ జట్టును ఫైనల్ దాకా తీసుకుపోయిన వాళ్ళలో ఆమె ఒకరు.

కూపర్‌కు హ్యూస్టన్ జట్టు దక్కింది. వయసు 34. ఆటలో చాలామంది బూట్లు విప్పేసే వయసు. ఆ జట్టులో పెద్ద పేరున్న షెరిల్ స్వూప్స్ ప్రసవం వల్ల మొదటి సీజన్‌లో ఎక్కువ భాగం ఆడలేకపోయింది. బరువు కూపర్ మీద పడింది. ఇటలీలో అన్నేళ్ళు మోసిన బరువే కదా. ఆ సీజన్‌లో సగటున మ్యాచ్‌కు 22 పాయింట్లకు పైగా చేసి లీగ్‌లో ఉత్తమ క్రీడాకారిణి అయింది. ఫైనల్లో న్యూయార్క్‌పై హ్యూస్టన్ 65-51తో గెలిచింది. న్యూయార్క్ తరఫున ఎదురుగా నిలబడిన టెరెసా వెదర్‌స్పూన్ కూడా కే యౌ నడిపిన 1988 జట్టు మనిషే. ఆమె కూడా యూరప్ క్లబ్బుల్లో ఏళ్ళు గడిపి వచ్చినదే.

1997 నుంచి 2000 వరకు వరుసగా నాలుగు టైటిళ్ళు హ్యూస్టన్‌వే. నాలుగు ఫైనల్స్‌లోనూ ఉత్తమ క్రీడాకారిణి కూపరే. మధ్యలో, 1999లో, ఆమె తల్లి రొమ్ము క్యాన్సర్‌తో చనిపోయింది. చివరి రోజుల్లో తల్లికి దగ్గరగా, సొంత దేశంలో ఉండగలిగింది. ఇటలీలోనే ఉండి ఉంటే ఏమయ్యేదో, ఇంటి నుంచి చావు కబురు ఫోన్‌లో విన్న మనలాంటి వాళ్ళకు చెప్పనక్కర్లేదు.

ఆ తర్వాత ఆమె కోచ్ అయింది. 2010 నుంచి 2012 వరకు నార్త్ కరోలినాలోనే, విల్మింగ్టన్ యూనివర్సిటీ జట్టుకు శిక్షణ ఇచ్చింది. 2010లోనే బాస్కెట్‌బాల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో ఆమె పేరు చేర్చారు.

చలికాలం వలస ఆగలేదు

ఇంట్లో లీగ్ వచ్చింది కదా, వలస ఆగిందా అంటే లేదు. డబ్ల్యు.ఎన్.బి.ఎ. ఆట ఎండాకాలం కొద్ది నెలలే. జీతాలు కూడా యూరప్ క్లబ్బుల ముందు చిన్నవిగా ఉండేవి. అందుకే చలికాలంలో చాలామంది రష్యా, టర్కీ, చైనా వంటి దేశాలకు వెళ్ళేవారు. ఏడాది పొడవునా ఒళ్ళు విరగ్గొట్టుకునేవారు. 2015లో డయానా టౌరాసీ అనే మేటి క్రీడాకారిణి అమెరికాలో ఒక సీజన్ మొత్తం మానేసింది. విశ్రాంతి తీసుకోమని ఆమె రష్యా క్లబ్బే డబ్బు ఇచ్చింది. అప్పటి వార్తల ప్రకారం అమెరికాలో ఆమెకు వచ్చేది లక్ష డాలర్ల పైచిలుకు, రష్యాలో సుమారు 15 లక్షలు.

ఆ దారిలో ముళ్ళు కూడా ఉన్నాయి. 2022 ఫిబ్రవరి 17న బ్రిట్నీ గ్రైనర్ రష్యా క్లబ్బులో ఆడటానికి వెళ్తూ మాస్కో విమానాశ్రయంలో పట్టుబడింది. సామానులో గంజాయి నూనె ఉన్న చిన్న గొట్టాలు దొరికాయి. తొమ్మిదేళ్ళ జైలు శిక్ష వేశారు. చివరికి డిసెంబర్ 8న రెండు ప్రభుత్వాలు ఖైదీలను మార్చుకున్నాయి. ఆ మార్పిడి జరిగింది మనకు తెలిసిన అబుదాబి విమానాశ్రయంలోనే. ఒలింపిక్ పతకాలున్న మనిషికి కూడా పరాయి దేశపు చట్టం దగ్గర మినహాయింపు దొరకలేదు. ఊరి నుంచి వచ్చేటప్పుడు ఎవరో ఇచ్చిన పొట్లం చూడకుండా సంచిలో వేసుకునే మనవాళ్ళు ఇది గుర్తుపెట్టుకోవాలి.

2025 జనవరిలో ఫ్లోరిడాలో అన్‌రైవల్డ్ అనే కొత్త లీగ్ మొదలైంది. చలికాలంలో కూడా ఇంటి దగ్గరే ఆడుకొని సంపాదించుకోవచ్చన్నది దాని ఆలోచన. దాన్ని పెట్టినవాళ్ళు కూడా ఇద్దరు క్రీడాకారిణులే.

జెనీవా పంచాయితీ

ఈ ఆటగాళ్ళ చరిత్రలో మనకు అన్నిటికంటే పనికొచ్చే సంగతి ఒకటుంది. విదేశీ క్లబ్బులు జీతం ఎగ్గొట్టడం, సీజన్ మధ్యలో పంపించేయడం బాస్కెట్‌బాల్‌లో పాత రోగం. ఆ దేశపు కోర్టులో కేసు వేస్తే ఏళ్ళు పడుతుంది, ఆటగాడి వీసా అంతకుముందే అయిపోతుంది. అందుకని అంతర్జాతీయ బాస్కెట్‌బాల్ సంఘం 2007లో స్విట్జర్లాండ్‌లోని జెనీవా కేంద్రంగా ఒక మధ్యవర్తి పంచాయితీ ఏర్పాటు చేసింది. కేసు ఒకే మధ్యవర్తి వింటాడు. ఆటగాడు ఏ దేశం వాడైనా సరే, కాగితాలు పంపి న్యాయం అడగవచ్చు. తీర్పు ప్రకారం డబ్బు కట్టని క్లబ్బు కొత్త ఆటగాళ్ళను చేర్చుకోకుండా అంతర్జాతీయ సంఘం నిషేధం పెట్టగలదు. కొత్తవాళ్ళు రాకపోతే జట్టే నడవదు, కాబట్టి క్లబ్బులకు ఆ భయం ఉంటుంది.

అయితే ఒక షరతు ఉంది. తగాదా వస్తే ఆ పంచాయితీకే పోతామని ఇద్దరూ ఒప్పుకొని ఉండాలి. మామూలుగా ఆ మాట అగ్రిమెంటులోనే రాస్తారు. రాసుకున్నవాడికి దారి ఉంది. నోటిమాట మీద పోయినవాడికి ఆ దారి దాదాపు మూసుకున్నట్టే.

మన దగ్గర అలాంటి పంచాయితీ లేదు. లేబర్ కోర్టు, మన ఎంబసీ, ఇవే మనకున్న తలుపులు. కానీ ఆ తలుపుల దగ్గర కూడా మొదట అడిగేది ఆ కాగితమే. ఊళ్ళో ఏజెంటు చూపించిన అగ్రిమెంటు ఒకటి, ఇక్కడ దిగాక సంతకం పెట్టించుకున్నది ఇంకొకటి అని చెప్పేవాళ్ళు మన క్యాంపుల్లో ఎంతమంది లేరు? రెండింటి నకళ్ళూ దాచుకున్నవాళ్ళు ఎంతమంది? ఫోన్‌లో ఫొటో తీసి ఇంటికి ఒకటి పంపడానికి పైసా ఖర్చు కాదు.

కూపర్ వెళ్ళింది బంతి పట్టుకొని, మనం వచ్చింది తాపీ పట్టుకొని, స్పానర్ పట్టుకొని. ఆమె జీతానికీ మన జీతానికీ పోలిక లేదు. ఒక్క విషయంలో మాత్రం పోలిక ఉంది. ఇంటి దగ్గర చోటు లేనందుకు ఆమె బయటకు వెళ్ళింది. అక్కడ గడిపిన ఏళ్ళను ఊరికే పోనివ్వలేదు, పని నేర్చుకుంది, భాష నేర్చుకుంది. ఇంటి తలుపు తెరుచుకున్న రోజున చేతిలో పని ఉన్న మనిషిగా తిరిగి వెళ్ళింది. ఆ తలుపు కూడా దానంతట అది తెరుచుకోలేదు. క్యారీలో కన్నుమూసిన ఆ కోచ్ లాంటి వాళ్ళు ముప్పయి ఏళ్ళకు పైగా ఇంట్లోనే ఉండి, ఆడపిల్లలకు ఆట నేర్పుతూ దాన్ని నెడుతూ వచ్చారు. మన ఊళ్ళలో ఆ తలుపు నెట్టేవాళ్ళు ఎవరో, వచ్చే సెలవుకు వెళ్ళినప్పుడు మనం అడిగి తెలుసుకోవాలి.