గట్టు తగవులు – తీర్పు మార్గములు



పల్లెలలో పుట్టు తగవులయందు గట్టు తగవువలె మొండిది వేఱొకటి లేదు. జానెడు నేలకై మొదలైన మాట తాతలనాట పుట్టి మనుమలనాటికిని తీరకుండుట మీరెఱుగనిది కాదు. ఇట్టి తగవును తీర్చుటకు మన పూర్వులు ఏ మార్గమును త్రొక్కిరో, పిమ్మట వచ్చిన చట్టములు ఏమి మార్చినవో క్రమముగా విన్నవించెదను.

ధర్మశాస్త్రములు వ్యవహారములను పదునెనిమిదిగా విభజించినవి. వానిలో సీమావివాదమొకటి. మనుస్మృతి ఎనిమిదవ అధ్యాయము ప్రకారము మేరలయందు మఱ్ఱి, రావి, మోదుగు, బూరుగు మొదలగు చెట్లను నాటవలెను. చెట్టును నఱకివేయవచ్చును గదా! అందుచే రాళ్లు, ఎముకలు, ఊక, బూడిద, పెంకులు, బొగ్గులు మున్నగు, త్వరగా మన్నుగాని వస్తువులను భూమిలో గుప్తచిహ్నములుగా పూడ్చవలెను. తగవు వచ్చినపుడు, గుర్తులు స్పష్టముగా కనబడు జ్యేష్ఠమాసమున రాజు మేరను నిర్ణయించవలెను. గుర్తులు చాలనిచో సాక్షులు తలపై మన్నుంచుకొని, ఎఱ్ఱని దండలును ఎఱ్ఱని వస్త్రములును ధరించి, తమ సుకృతముపై ప్రమాణము చేసి మేర చూపవలెను. కల్లలాడినవారికి రెండువందల పణముల దండనము. తగిన సాక్షులు దొరకనిచో వేటగాండ్రను, పసులకాపరులను, జాలరులను సైతము అడుగవలెనని మనువు చెప్పెను. యాజ్ఞవల్క్యస్మృతియందును ఈ ప్రకరణము కలదు. దాని వ్యాఖ్యయగు మితాక్షరను అనుసరించి కేతన పదుమూడవ శతాబ్దమున తెలుగున విజ్ఞానేశ్వరీయమును రచించెను.

ఈ పద్ధతికి ఆధారము మనుష్యుని జ్ఞాపకమును, వాని సత్యమును. ఆంగ్లపాలనలో ఆ స్థానమునకు గొలుసును, పుస్తకమును వచ్చినవి. 1800 మొదలు 1807 వఱకు దత్తమండలములకు ప్రధాన కలెక్టరుగానుండిన థామస్ మన్రో పొలములను 33 అడుగుల గొలుసుతో కొలిపించెను. ఆ కొలత శిస్తు కట్టుటకై జరిగినది. 1858లో మద్రాసు రాజధానిలో సర్వే శాఖ క్రమబద్ధముగా పని నారంభించెను. 1860లో సరిహద్దు గుర్తులను నాటించి తగవులు తీర్చుటకు ఒక చట్టము వచ్చెను. దాని వెనుక 1897లో నొకటియు, 1923లో సర్వే సరిహద్దుల చట్టమును వచ్చినవి.

ఈ కడపటి చట్టము త్రోవను మెట్టుమెట్టుగా ఏర్పఱచినది. సర్వే జరుగునని ప్రకటించి, ఆ భూములయందు సంబంధము గలవారందఱను తామైనను, తమ ప్రతినిధియైనను హాజరు కమ్మని పిలువవలెను. తగవు లేనిచోట చూపిన మేరనే సర్వే అధికారి వ్రాసికొనును. తగవున్నచోట విచారణ జరిపి, కారణములతో నిర్ణయము వ్రాసి, నోటీసు నంపును. అది అందిన మూడు నెలలలోపల పై అధికారికి అప్పీలు చేసికొనవచ్చును. సర్వే ముగిసినదని గెజిటులో ప్రకటించిన పిమ్మట ఆ మేరయే స్థిరమగును. దానిని మార్పింపగోరువాడు మూడేండ్లలోపల సివిలు న్యాయస్థానమున దావా వేయవలెను. న్యాయస్థానమునకు 1908 నాటి సివిలు ప్రక్రియా స్మృతి ననుసరించి కమిషనరును పంపి స్థలమును పరీక్షింపజేయు అధికారము గలదు. సర్వే అధికారి తేల్చునది మేర. భూమి ఎవరిదను హక్కును తేల్చునది న్యాయస్థానము.

ఇందలి కీలకమును గమనింపుడు. పూర్వము రాజు సాక్షిని వెదకికొని వచ్చెడివాడు. 1923 పిమ్మట సాక్షియే గడువులోపల అధికారిని వెదకికొని పోవలసినవాడయ్యెను. నిజమెఱిగియు నోటీసు నాడు ఊరకున్న రైతునకు, గడువు దాటిన పిమ్మట ఆ నిజమంతగా అక్కఱకు రాలేదు. పొరపాటున పడిన గీత కూడ వానిపై స్థిరమగుచు వచ్చెను.

ఆంధ్రప్రదేశమున 1984లో కరణములు తొలగింపబడిరి. పాత గట్టు ఎక్కడ నుండెనో నోట చెప్పగలవారు తఱిగిపోవుచున్నారు. 2020 డిసెంబరులో అచ్చట భూములను మరల కొలుచుట ఆరంభమైనది. కావున మీ యూరికి కొలతగాండ్రు వచ్చిన దినమున, పెద్దలగు మీరు పొలమునకు పోయి గట్టుపై నిలువుడు. మీ కంటికి తెలిసిన మేరను పక్షపాతము లేక చూపి, వ్రాతమూలముగా నమోదు చేయింపుడు. నోటీసునందలి గడువును చదువరాని పొరుగువానికి చదివి చెప్పుడు. తలపై మన్ను మోయు ఆచారము పోయినను, మేర యెఱిగినవాడు నిజము చెప్పవలసిన భారము నేటికిని తీరలేదని మనవి చేసి విరమించుచున్నాను.