ఎడమకు తిప్పిన తుపాకి

ప్రేక్షకుణ్ణి కుర్చీలోంచి లేపాలన్న తపన ఇరవయ్యో శతాబ్దపు నాటకకర్తలను వదలలేదు. 1929లో బాడెన్ బాడెన్ సంగీతోత్సవంలో బ్రెహ్ట్ ఒక ప్రయోగం చేశాడు. వేదిక మీద ఒక పక్క రేడియో - అంటే వాద్యబృందం, గాయకులు. మరో పక్క శ్రోత. లిండ్‌బర్గ్ విమానయానం గురించిన ఆ రచనలో విమానచోదకుడి పాత్ర శ్రోతదే. రేడియోకు బదులుగా తన వంతు తనే పాడాలి. 1932 నాటికి బ్రెహ్ట్ ఇంకా ముందుకు వెళ్ళి, రేడియో వినిపించడంతో ఆగకూడదు, శ్రోత చేత మాట్లాడించాలి అని వాదించాడు.

వాదం సరైనదే. అయితే యంత్రం ప్రేక్షకుడి చేతికి ఏమిచ్చిందో చూడకుండా భాగస్వామ్యాన్నే ప్రజాస్వామ్యమనడం నాకు సమ్మతం కాదు. వఫా బిలాల్ ప్రదర్శన నా సందేహానికి ఆధారం.

బిలాల్ ఇరాకీ చిత్రకారుడు. 1991లో సద్దాం పాలన నుంచి తప్పించుకుని, సౌదీ శరణార్థి శిబిరంలో గడిపి, 1992లో అమెరికా చేరాడు. 2004లో అమెరికా దాడిలో అతని సోదరుడు చనిపోయాడు. ఆ తర్వాత టెలివిజన్‌లో ఒక అమెరికన్ సైనికురాలి మాటలు విన్నాడు. ఆమె కొలరాడోలో కంప్యూటరు ముందు కూర్చుని ఇరాక్ మీద బాంబులు వేయిస్తోంది. చంపడం ఆఫీసు పనిలా మారిన ఈ దూరమే అతని వస్తువైంది.

2007 మే నెలలో షికాగోలోని ఒక గ్యాలరీ గదిలో అతను ముప్పయి రోజులు ఉన్నాడు. మంచం, బల్ల, దీపం, ఎదురుగా రంగు గుళ్ళు పేల్చే తుపాకి. ప్రపంచంలో ఎవరైనా ఇంటర్నెట్ ద్వారా గది దృశ్యం చూస్తూ గురి తిప్పవచ్చు, పేల్చవచ్చు. తను అనుకున్న పేరు 'ఇరాకీని కాల్చండి'. గ్యాలరీ వాళ్ళు జంకడంతో 'డొమెస్టిక్ టెన్షన్' అయింది. (మొదటి పేరు దాచుకుని మరుసటి ఏడు తన పుస్తకానికి పెట్టుకున్నాడు.) వందకు పైగా దేశాల నుంచి అరవై వేలకు పైగా గుళ్ళు పేలాయి. గోడలన్నీ పసుపు రంగు. కొందరు యంత్రంలోకి చొరబడి తుపాకి ఎడతెరిపి లేకుండా పేలేటట్లు చేశారు. అతనికి నిద్ర కరువైంది.

ఇంతవరకే అయితే మనిషి క్రౌర్యానికి మరో సాక్ష్యమని సరిపెట్టవచ్చు. కాని కొందరు అపరిచితులు ఎవరూ అడగకుండానే కలిసి, వంతులవారీగా కూర్చుని, గొట్టం బిలాల్ మీదికి రాకుండా ఎడమవైపుకు తిప్పుతూ వచ్చారు. వాళ్ళు వాడిందీ అదే తెర, అదే మీట. బ్రెహ్ట్ శ్రోతకు పాడవలసిన పాట ముందే రాసి ఉంది. వీళ్ళకు ఏ పాత్రా రాసి లేదు. గదిలో దీపం గుళ్ళకు పగిలిపోతే, కొత్త దీపం కొనుక్కుని గ్యాలరీకి వచ్చినవాడు అమెరికన్ మెరైన్ దళంలో పనిచేసిన కుర్రవాడు.