కెప్టెన్ మీద చెప్పిన మాట

1884 ఏప్రిల్. మద్రాసు రేవులో ‘రివర్స్‌డేల్’ అనే తెరచాప ఓడ లంగరేసి ఉంది. అంతకు ముందు సంవత్సరం సెప్టెంబరులో లండన్‌లో బయల్దేరి, దక్షిణాఫ్రికాలోని పోర్ట్ ఎలిజబెత్ మీదుగా ఏడు నెలలు నడిచి వచ్చింది. కెప్టెన్ మెక్‌డొనాల్డ్‌కు ఒంట్లో బాగోలేదన్నారు. డాక్టర్ను పిలుచుకురమ్మని సెకండ్ మేట్‌ను ఒడ్డుకు పంపారు.

ఆ సెకండ్ మేట్‌కు 26 ఏళ్లు. పోలిష్ కుటుంబంలో పుట్టాడు. పదకొండో ఏటికే తల్లీ తండ్రీ పోయారు. పదహారు దాటి పదిహేడు నిండకముందే సముద్రం మీద బతకాలని ఫ్రాన్స్ చేరాడు, అక్కణ్నుంచి ఇంగ్లిష్ ఓడలకు మారాడు. ఇంగ్లిష్ నేర్చుకున్నది ఇరవయ్యో ఏడు దాటాకే. పేరు కోజెనియోవ్‌స్కీ. ఆ పేరు తోటి నావికులకు నోరు తిరిగేది కాదు. తర్వాత ప్రపంచం అతన్ని జోసెఫ్ కాన్రాడ్ అని పిలిచింది.

ఏ ఊళ్లోనైనా డాక్టర్ అడిగే మొదటి మాట ఒకటే, ఏమైందని. ఏదో జ్వరమండీ అని చెప్పి తప్పుకుంటే ఆ కుర్రాడి ఉద్యోగానికి వచ్చిన ముప్పేమీ లేదు. అతను అలా చెప్పలేదు. కెప్టెన్ తాగి ఒళ్లు తెలియని స్థితిలో ఉన్నట్టున్నాడని చెప్పాడు. డాక్టర్ ఓడకు వచ్చాడు. ఆ మాట కూడా కెప్టెన్ చెవిన పడింది.

తర్వాత జరిగింది చూడండి. కెప్టెన్ తాను తాగలేదన్నాడు, సెకండ్ మేట్‌ను ఓడలోంచి దింపేస్తున్నానన్నాడు. కుర్రాడు తన మాట వెనక్కి తీసుకుంటూ క్షమాపణ ఉత్తరం రాసిచ్చాడు. ఈ కథలో నాకు అన్నిటికంటే బాధ కలిగించేది ఆ ఉత్తరమే. ఊరుగాని ఊళ్లో, జేబులో అంతంతమాత్రం డబ్బుతో, పైపరీక్ష ఇంకా రాయాల్సిన స్థితిలో ఉన్నవాడు ఇంకేం చేస్తాడు? రాసిచ్చినా ఫలితం దక్కలేదు. ఏప్రిల్ 17న అతని చేతికి వచ్చిన డిశ్చార్జి కాగితంలో పనితనం గడిలో ‘వెరీ గుడ్’ అని ఉంది. నడవడిక గడిలో మాత్రం ‘డిక్లైన్’ అని ఉంది. అంటే దాని గురించి చెప్పడానికి నిరాకరిస్తున్నానని. తిట్టు రాసి ఉంటే దానికి జవాబైనా చెప్పుకోవచ్చు. దీనికి ఎవరికి చెప్పుకోవాలి?

మద్రాసులో ఓడ దొరకలేదు. బొంబాయి రైలెక్కాడు. ఆనాటి మద్రాసు–బొంబాయి దారి రేణిగుంట, కడప, గుంతకల్లు, ఆదోని మీదుగా రాయచూరు చేరి, అక్కడ ఇంకో కంపెనీ పట్టాలతో కలిసేది. రాయచూరు దాటాక వాడీ వస్తుంది. హైదరాబాదు వెళ్లేవాళ్లు దిగే జంక్షన్ అది. అక్కడ చీలే నిజాం రైలు మార్గం అప్పటికి పదేళ్లుగా నడుస్తోంది. వికారాబాదు, లింగంపల్లి దాటి సికింద్రాబాదు చేరే ఆ దారి ఇవాళ్టి మన పటాన్‌చెరుకు కొద్ది మైళ్ల దూరంలోనే పోతుంది. ఏప్రిల్ ఎండల్లో రాయలసీమ నేల కిటికీలోంచి చూస్తూ, నడవడిక గడి పాడైన కాగితం జేబులో పెట్టుకుని, ఇంగ్లిష్ నవలను మలుపు తిప్పబోయే మనిషి మన స్టేషన్లు దాటుకుంటూ వెళ్లాడు.

బొంబాయిలో ఏప్రిల్ 28న ‘నార్సిసస్’ అనే ఓడలో సెకండ్ మేట్‌గానే చేరాడు. ఆ ప్రయాణమే 1897లో వచ్చిన అతని నవలకు పునాది.

ఇక రివర్స్‌డేల్. అతన్ని దించేశాక ఆ ఓడ మద్రాసు నుంచి బయల్దేరింది. ఎంతో దూరం పోలేదు. మచిలీపట్నం దగ్గర మెరక తగిలి నిలిచిపోయింది. బందరు తీరం సంగతి మనవాళ్లకు తెలిసిందే. కృష్ణమ్మ తెచ్చి పోసే ఒండ్రుతో సముద్రం ఒడ్డు నుంచి మైళ్ల దాకా లోతు ఉండదు, పెద్ద ఓడలు దూరానే లంగరేయాలి. విచారణ జరిగింది. తప్పు కెప్టెన్ నడిపిన తీరులోనే ఉందని తేలింది. మెక్‌డొనాల్డ్ సర్టిఫికెట్‌ను ఏడాది పాటు నిలిపేశారు.

మద్రాసులో ఆ రోజు కెప్టెన్ జబ్బు పడ్డాడా, తాగాడా అన్నది ఈ విచారణ తేల్చిన విషయం కాదు. కానీ ఈయన చేతిలో ఓడ భద్రంగా లేదన్న సంగతిని మాత్రం బందరు ఇసుక బయటపెట్టింది. ఆ ఏడాది చివర లండన్‌లో ఫస్ట్ మేట్ పరీక్షకు కూర్చున్న కుర్రాడు మొదటిసారి తప్పాడు. డిసెంబరు 3న, తన 27వ పుట్టినరోజు నాడు ప్యాసయ్యాడు.

కాన్రాడ్ మద్రాసులో ఓడ దిగిన సరిగ్గా ఆ 1884 ఏప్రిల్ నెలలోనే లండన్ నుంచి వెలువడే ‘మైండ్’ అనే పత్రికలో మనోవిజ్ఞానవేత్త విలియం జేమ్స్ వ్యాసం ఒకటి అచ్చయింది. ఉద్వేగం అంటే ఏమిటన్నది అందులోని ప్రశ్న. టెట్‌కో డీఎస్సీకో చదివినవాళ్లకు ఈ పేరు గుర్తుండే ఉంటుంది. మనోవిజ్ఞాన పాఠ్యపుస్తకంలో ఉద్వేగాల అధ్యాయం తీస్తే జేమ్స్–లాంగే సిద్ధాంతం కనపడుతుంది. ఎలుగుబంటిని చూసి భయపడతాం, భయపడ్డాం కాబట్టి పరుగెత్తుతాం అని మనం అనుకుంటాం. జేమ్స్ దాన్ని తిరగేశాడు. ముందు ఒళ్లు కదులుతుంది. గుండె దడదడలాడుతుంది, కాళ్లు పరుగందుకుంటాయి. ఆ కదలికను మనసు పసిగట్టడమే భయం. డెన్మార్క్ వైద్యుడు లాంగే మరుసటి ఏడు దాదాపు ఇదే మాట చెప్పాడు కాబట్టి ఇద్దరి పేర్లూ కలిశాయి. 1890లో వచ్చిన జేమ్స్ పెద్ద పుస్తకం, 1892లో విద్యార్థుల కోసం దాన్ని కుదించిన పుస్తకం ఒక తరం మొత్తానికి పాఠాలయ్యాయి. 1927లో శరీరధర్మ శాస్త్రవేత్త వాల్టర్ కానన్ ఈ సిద్ధాంతాన్ని గట్టిగా ఖండించాడు. లోపలి అవయవాల్లో మార్పు నెమ్మదిగా వస్తుంది, భయంలోనూ కోపంలోనూ ఒకేలా ఉంటుంది, అలాంటప్పుడు అదే ఉద్వేగమెలా అవుతుందన్నాడు. పోరాటమా పలాయనమా అని మనం పరీక్షల్లో రాసే జవాబు ఆ కానన్‌దే.

ఈ చర్చ నవలగా ఎలా ఉంటుందో చూడాలంటే 1900లో కాన్రాడ్ రాసిన ‘లార్డ్ జిమ్’ తెరవండి. యాత్రికులతో కిక్కిరిసిన ఓడ రాత్రి దేన్నో గుద్దుకుంటుంది. అధికారులు పడవ దించుకుని దిగిపోతుంటారు. జిమ్ వాళ్లతో కలవకుండా పక్కన నిలబడతాడు. కాసేపటికి చూసుకుంటే పడవలో ఉంటాడు. దూకాలని నిర్ణయించుకున్న క్షణం అతనికి గుర్తే లేదు. అతని ఒళ్లు దూకింది, మనసు తర్వాత వచ్చి చేరింది. జేమ్స్ పేజీల్లో చెప్పినదాన్ని ఈ నవల ఒక మనిషి బతుకంతా పరిచి చూపిస్తుంది. విలియం జేమ్స్ తమ్ముడు, నవలాకారుడు హెన్రీ జేమ్స్ కాన్రాడ్‌కు మిత్రుడన్నది కూడా ఇక్కడ చెప్పుకోవాలి.

‘లార్డ్ జిమ్’ వెనకున్నది నిజంగా జరిగిన సంగతి. 1880లో 950 మందికి పైగా హజ్ యాత్రికులతో సింగపూర్ నుంచి బయల్దేరిన ‘జెడ్డా’ అనే స్టీమర్ తుఫానులో చిక్కింది. బాయిలర్లు కూర్చున్నచోటి నుంచి కదిలిపోయాయి. నీళ్లు లోపలికొచ్చాయి. యాత్రికులు బకెట్లతో తోడుతూనే ఉన్నారు. ఆగస్టు 8 రాత్రి కెప్టెన్, అతని భార్య, ముఖ్య అధికారులు పడవెక్కి వెళ్లిపోయారు. ఇంకో ఓడ వాళ్లను ఎక్కించుకుని ఏడెన్ చేర్చింది. జెడ్డా మునిగిందని, అందరూ పోయారని చెప్పారు. మరునాడు ఆ ఓడను మరొక స్టీమర్ తాళ్లతో లాక్కుంటూ అదే రేవుకు తెచ్చింది. యాత్రికులు బతికే ఉన్నారు.

ఇవన్నీ పటాన్‌చెరు, బొల్లారం, పాశమైలారం, గడ్డపోతారం పాఠకులకు ఎందుకంటారా? బాయిలర్ అంటే ఏమిటో మీకు చెప్పక్కర్లేదు. రియాక్టర్ పక్కన నైట్ షిఫ్టు చేసినవాళ్లు ఈ మాటలు చదువుతున్నారు. 2025 జూన్ 30న పాశమైలారం పారిశ్రామికవాడలో జరిగిన పేలుడు 50 మందికి పైగా ప్రాణాలు తీసింది. చనిపోయినవాళ్లలో ఒడిశా, బిహార్ లాంటి దూర రాష్ట్రాల నుంచి పొట్ట చేతపట్టుకుని వచ్చినవాళ్లు ఎందరో ఉన్నారు. ఆ కుటుంబాల దుఃఖం మన ఊళ్లలో ఇంకా ఆరలేదు.

పాఠ్యపుస్తకం చెప్పేదీ, నావికుడు రాసిందీ కలిపి చదివితే నాకు ఒక్కటే అర్థమవుతుంది. ప్రమాదం వచ్చిపడిన క్షణంలో ధైర్యం గురించి మాట్లాడి లాభం లేదు. అప్పుడు పనిచేసేది ఒళ్లు, అది అలవాటైన పనే చేస్తుంది. అందుకే మాక్ డ్రిల్ ఫొటోల కోసం కాకుండా నిజంగా జరగాలి. భాష రాని హెల్పర్‌కు కూడా అసెంబ్లీ పాయింట్‌కు దారి కళ్లు మూసుకున్నా తెలియాలి. ఇక మనిషి మనసు పనిచేసేది ప్రమాదానికి ముందు. డ్రయ్యర్ శబ్దం మారిందని, వాల్వు పట్టేసిందని, షిఫ్టు ఇన్‌చార్జి మూడు రోజులుగా నిద్రలేక తూలుతున్నాడని ఎవరో ఒకరు చూస్తారు. చూసినవాడు నోరు తెరుస్తాడా లేదా అన్నదే ప్రశ్న. మద్రాసులో తెరిచినవాడికి దక్కినది నడవడిక గడిలో ఒక్క మాట.

భోపాల్ గ్యాస్ ప్రమాదం తర్వాత, 1987లో ఫ్యాక్టరీల చట్టానికి చేసిన సవరణలో 41–హెచ్ అనే సెక్షన్ చేర్చారు. ప్రాణాపాయం ముంచుకొస్తోందని అనుమానం కలిగితే యాజమాన్యానికి చెప్పే హక్కు ప్రమాదకర పరిశ్రమల కార్మికుడిదని, ముప్పు ఉందని తేలితే వెంటనే సరిదిద్దడం యాజమాన్యం బాధ్యతని అది రాసింది. ఎన్ని ప్లాంట్ల నోటీసు బోర్డుల మీద ఆ మాట తెలుగులో, హిందీలో, ఒడియాలో కనపడుతుందో మీరే ఒకసారి తిరిగి చూడండి.

ప్లాంట్ మేనేజర్లకు, హెచ్ఆర్ అధికారులకు నా విన్నపం ఇది. రిలీవింగ్ లెటర్ మీద సంతకం పెట్టే ముందు ఆ మనిషి మీకు ఏ లోపం గురించి చెప్పాడో, చెప్పాక మీరేం చేశారో రిజిస్టరు తీసి చూడండి. కాంట్రాక్టర్ కింద ఉన్నవాడు చెప్పినా అదే రిజిస్టరులో ఎక్కించండి. కార్మిక సోదరులకు కూడా ఒక మాట. మీరు చూసింది చెప్పండి. నోటితో చెప్పి ఊరుకోకండి, తేదీ వేసి కాగితం మీద రాసివ్వండి. ఒక నకలు మీ దగ్గర ఉంచుకోండి.