ఒక్క ఓటు, తొమ్మిది ఓట్లు, 537 ఓట్లు

మా బ్యాచ్ తొమ్మిదో తరగతిలో ఉండగా క్లాస్ లీడర్ ఎన్నిక జరిగింది. ఆ రోజు బడికి వచ్చినవాళ్ళం నలభై రెండు మందిమి. చిత్తు కాగితాల మీద పేర్లు రాసి, మడిచి, సుద్దముక్కల డబ్బాలో వేశాం. సోషల్ మాస్టారు ఒక్కో చీటీ విప్పి చదువుతూ బోర్డు మీద గీతలు పెట్టారు. చివరికి నాకు ఇరవై ఒకటి, నా పక్కన కూర్చునేవాడికి ఇరవై ఒకటి.

క్లాసంతా గోల. ఆ రోజు రాని ఇద్దరూ నా జట్టువాళ్ళు కాబట్టి "రేపు మళ్ళీ పెట్టండి మాస్టారూ" అని నావైపు వాళ్ళు. హాజరు పట్టీలో వాడి పేరు నాకంటే ముందుంది కాబట్టి "ముందున్నవాడే లీడర్ మాస్టారూ" అని వాడివైపు వాళ్ళు. మాస్టారు డబ్బా పక్కన పెట్టి అన్నారు: "ఒరే, లెక్కపెట్టక ముందు అడిగి ఉంటే అందరూ ఒకే మాట చెప్పేవారు. ఇప్పుడు ఎవరికి ఏది లాభమో తెలిసిపోయింది. ఇంక న్యాయం ఎవడు చెప్తాడు?" చివరికి రెండు చీటీలు వేసి ఒకటి తీయించారు. నేను ఓడిపోయాను. వాడితో మూడు నెలలు మాట్లాడలేదు.

నేను ఇన్‌స్ట్రుమెంటేషన్ ఇంజనీరుని. ఫ్యాక్టరీలో ఒక మీటరు కొనేముందు అది ఎంత తేడా చూపిస్తే ఒప్పుకోవాలో, ఎంత చూపిస్తే తిప్పి పంపాలో ముందే కాగితం మీద రాసి రెండు పక్షాలూ సంతకాలు చేస్తాం. పరీక్ష అయ్యాక హద్దులు గీస్తే అది బేరమవుతుంది. మాస్టారు చెప్పిందీ అదే. ఆ మాట చేతిలో పట్టుకుని అమెరికా అధ్యక్ష ఎన్నికల చరిత్ర చదివితే చాలా విషయాలు తేటపడ్డాయి. వాటిలో హోరాహోరీగా జరిగిన కొన్నింటిని ఈ సువర్ణోత్సవ సంచికలో మీతో పంచుకుంటాను.

ముందుగా ఒక్క మాట. అమెరికాలో అధ్యక్షుణ్ణి జనం నేరుగా ఎన్నుకోరు. ప్రతి రాష్ట్రానికీ కొంతమంది ఎలక్టర్లు ఉంటారు. ఇప్పుడు మొత్తం 538 మంది. 270 వస్తే గెలుపు. రెండు చిన్న రాష్ట్రాలు తప్ప మిగతాచోట్ల, రాష్ట్రంలో ఒక్క ఓటు ఎక్కువ వచ్చినవాడికే అక్కడి ఎలక్టర్లందరూ దక్కుతారు. అందుకే దేశమంతటా కోట్ల ఓట్లు పోలైనా, కొన్నిసార్లు కథంతా ఏదో ఒక రాష్ట్రంలోని కొన్ని వందల ఓట్ల దగ్గర ఆగిపోతుంది.

1800: సొంత పార్టీవాడితోనే సమానం

తొలి రాజ్యాంగం ప్రకారం ప్రతి ఎలక్టరుకూ రెండు ఓట్లు. ఏది అధ్యక్షుడికో, ఏది ఉపాధ్యక్షుడికో విడిగా రాయనక్కరలేదు. ఎక్కువ వచ్చినవాడు అధ్యక్షుడు, రెండోవాడు ఉపాధ్యక్షుడు. 1800లో థామస్ జెఫర్సన్‌ను అధ్యక్షుడిగా, ఆరన్ బర్‌ను ఉపాధ్యక్షుడిగా అనుకుని వాళ్ళ పార్టీ ఎలక్టర్లు ఓటేశారు. అందరూ క్రమశిక్షణగా వేయడంతో ఇద్దరికీ 73 చొప్పున వచ్చాయి! బర్ పక్కకు తప్పుకోలేదు.

నిర్ణయం ప్రతినిధుల సభకు వెళ్ళింది. అక్కడ రాష్ట్రానికి ఒక ఓటు. పదహారు రాష్ట్రాల్లో తొమ్మిది కావాలి. 1801 ఫిబ్రవరి 11న మొదలుపెట్టి ముప్ఫై అయిదు సార్లు ఓటింగ్ జరిపినా జెఫర్సన్‌కు ఎనిమిదే. 17వ తేదీన ముప్ఫై ఆరోసారి గాని తేలలేదు. బర్ కంటే జెఫర్సనే మేలని తన పార్టీవాళ్ళకు నచ్చజెప్పిన అలెగ్జాండర్ హామిల్టన్, మరో మూడేళ్ళకు అదే బర్ చేతిలో ద్వంద్వ యుద్ధంలో ప్రాణాలు కోల్పోయాడు. 1804లో రాజ్యాంగానికి పన్నెండో సవరణ చేసి రెండు పదవులకూ వేరువేరు ఓట్లు పెట్టారు.

1824లో మళ్ళీ ప్రతినిధుల సభే తేల్చాల్సి వచ్చింది. ఎక్కువ ఓట్లు వచ్చిన ఆండ్రూ జాక్సన్‌కు మెజారిటీ లేదు. సభ జాన్ క్విన్సీ ఆడమ్స్‌ను ఎన్నుకుంది. తనకు మద్దతిచ్చిన హెన్రీ క్లేకు ఆడమ్స్ విదేశాంగ మంత్రి పదవి ఇవ్వడంతో "ఇది కుమ్మక్కు" అని జాక్సన్ మండిపడ్డాడు. కానీ నియమం ముందే రాసి ఉంది. అందుకే మళ్ళీ జనం దగ్గరకే వెళ్ళి 1828లో గెలిచాడు.

1876: ఆట మధ్యలో రాసిన నియమం

అన్నిటికంటే నన్ను కలవరపెట్టింది 1876 ఎన్నిక. డెమోక్రాట్ శామ్యూల్ టిల్డెన్‌కు దేశం మొత్తం మీద సుమారు రెండున్నర లక్షల ఓట్లు ఎక్కువ వచ్చాయి. కావాల్సిన ఎలక్టోరల్ ఓట్లు 185, ఆయనకు 184 వచ్చాయి. రిపబ్లికన్ రూథర్‌ఫర్డ్ హేస్‌కు 165. మిగతా ఇరవై మీద తగాదా. ఫ్లోరిడా, లూసియానా, సౌత్ కరొలైనాల నుంచి రెండు పార్టీలూ తామే గెలిచామంటూ వేరువేరు పత్రాలు పంపాయి. ఒరెగాన్‌లో ఒక ఓటు మీద పేచీ. దక్షిణాదిలో నల్లజాతి ఓటర్లను బెదిరించి, కొట్టి, ఓటు వేయనివ్వలేదన్నది నిజం. లెక్కింపు బోర్డులు తమ పార్టీకి అనుకూలంగా ఓట్లు కొట్టేశాయన్నదీ నిజమే.

మరి ఏ పత్రం చెల్లుతుంది? రాజ్యాంగం ఏమందంటే, సెనేట్ అధ్యక్షుడు పత్రాలన్నీ తెరుస్తాడు, "అప్పుడు ఓట్లు లెక్కించబడతాయి". ఎవరిచేత? అది రాయలేదు. బడిలో కర్మణి ప్రయోగం గురించి తెలుగు మాస్టారు చెబుతుంటే నిద్రపోయినవాళ్ళందరూ ఇది గమనించాలి. కర్త కనపడని ఆ ఒక్క వాక్యం దేశాన్ని మరో అంతర్యుద్ధం అంచుదాకా తీసుకెళ్ళింది.

1877 జనవరిలో పదిహేను మందితో ఒక సంఘం వేశారు. అయిదుగురు సెనేటర్లు, అయిదుగురు ప్రతినిధులు, అయిదుగురు సుప్రీంకోర్టు జడ్జీలు. ఏడుగురు ఒక పార్టీ, ఏడుగురు మరో పార్టీ. పదిహేనోవాడిగా ఏ పార్టీకీ చెందని జడ్జి డేవిడ్ డేవిస్ ఉంటాడనుకున్నారు. సరిగ్గా అప్పుడే ఇల్లినాయ్ శాసనసభ ఆయన్ను సెనేటరుగా ఎన్నుకుంది. ఆయన తప్పుకున్నాడు. ఆయన స్థానంలో రిపబ్లికన్ జడ్జి జోసెఫ్ బ్రాడ్లీ వచ్చాడు. ప్రతి తగాదాలోనూ తీర్పు 8–7. ఇరవై ఓట్లూ హేస్‌కే. 185–184. మార్చి 4న పదవీకాలం మొదలవ్వాలి, మార్చి 2న ఫలితం తేలింది.

డెమోక్రాట్లు ఊరికే ఒప్పుకోలేదు. తెరవెనుక జరిగిన ఒప్పందంలో భాగంగా, దక్షిణాది ప్రభుత్వాలకు కాపలాగా ఉన్న చివరి కేంద్ర సైన్యాన్ని హేస్ వెనక్కి పిలిచాడు. తర్వాతి దశాబ్దాల్లో ఓటు పన్ను, చదువు పరీక్ష వంటి సాకులతో నల్లజాతివాళ్ళ ఓటు హక్కును ఒక్కో రాష్ట్రమూ ఊడలాక్కుంది. అది నిజంగా తిరిగి దక్కింది 1965 ఓటు హక్కుల చట్టంతోనే. పెద్దలిద్దరూ రాజీపడ్డారు. దాని ఖరీదు ఆ గదిలో లేనివాళ్ళు ఎనభై ఎనిమిదేళ్ళు చెల్లించారు. లెక్కింపు ఎలా జరగాలో చట్టం రాయడానికి అమెరికాకు మరో పదేళ్ళు, 1887 దాకా, పట్టింది.

ఆ కాలంలో స్వల్ప తేడాలు మామూలే. 1884లో ఒక్క న్యూయార్క్ రాష్ట్రంలో ఆరువందల మంది అటువాళ్ళు ఇటు వేసి ఉంటే గ్రోవర్ క్లీవ్‌లాండ్ బదులు జేమ్స్ బ్లెయిన్ అధ్యక్షుడయ్యేవాడు. 1916లో కాలిఫోర్నియాలో నాలుగు వేల లోపు ఆధిక్యంతో ఉడ్రో విల్సన్ గట్టెక్కాడు.

1960: ఓడినవాడే ప్రకటించిన గెలుపు

జాన్ కెనెడీకీ రిచర్డ్ నిక్సన్‌కీ మధ్య తేడా, దాదాపు 6.9 కోట్ల ఓట్లలో సుమారు 1,12,000. హవాయిలో మొదటి లెక్కలో నిక్సన్‌కు 141 ఆధిక్యం. డిసెంబరులో రెండు పార్టీల ఎలక్టర్లూ విడివిడిగా సమావేశమై విడివిడిగా ఓట్లు వేసి పంపారు. ఆ తర్వాత ముగిసిన రీకౌంటింగ్‌లో కెనెడీకి 115 ఆధిక్యం వచ్చింది.

1961 జనవరి 6న పత్రాలు తెరిచే కుర్చీలో ఉన్నది ఎవరు? అప్పటి ఉపాధ్యక్షుడు నిక్సనే. హవాయి నుంచి వచ్చిన పత్రాల్లో కెనెడీకి అనుకూలమైన దాన్నే లెక్కించమని ఆయనే చెప్పాడు. తన ఓటమిని తానే ప్రకటించాడు. తర్వాతి రోజుల్లో నిక్సన్ పేరు ఎలా చెడిపోయిందో అందరికీ తెలుసు. ఆ ఒక్కరోజు మాత్రం ఆయన ఖాతాలో వేయాలి.

1989: మన ఊరి తొమ్మిది ఓట్లు

ఇక్కడ అమెరికాను కాసేపు ఆపి మన సంగతి చెప్పాలి. పద్దెనిమిదేళ్ళకే ఓటు హక్కు వచ్చాక జరిగిన మొదటి లోక్‌సభ ఎన్నిక 1989 నవంబరులో. నాకు పంతొమ్మిదేళ్ళు, కొత్త ఓటు. విశాఖలో హాస్టల్లో ఉన్నాను. ల్యాబ్ రికార్డు ఉందని, బస్సుల్లో రద్దీ అని, "మన ఒక్క ఓటుతో ఏమవుతుందిలే" అని ఊరికి వెళ్ళలేదు. మన బడిలో చదివి ఆ హాస్టల్లో ఉన్నవాళ్ళలో అలా వెళ్ళనివాళ్ళం పదకొండు మందిమి.

మన అనకాపల్లి లోక్‌సభ స్థానంలో కొణతాల రామకృష్ణ గారు తొమ్మిది ఓట్ల తేడాతో గెలిచారు. దేశ చరిత్రలోనే అతి తక్కువ తేడాల్లో అదొకటి. మా పదకొండు ఓట్లు ఎటు పడేవో నాకు తెలియదు, ఫలితం మారేదని అననూ అనను. కానీ ఆ వార్త చదివిన సాయంత్రం మెస్‌లో మేమెవ్వరం ఒకరి మొహం ఒకరం చూసుకోలేదు. ఆ తర్వాత ఊళ్ళో ఉన్న ఏ ఎన్నికలోనూ నేను ఓటు మానలేదు.

2000: కార్డు మీద రంధ్రం

2000 నవంబరులో కంపెనీ పని మీద హ్యూస్టన్‌లో ఉన్నాను. ఎన్నికల రాత్రి టీవీవాళ్ళు ఫ్లోరిడాను ముందు ఆల్ గోర్‌కు ఇచ్చారు, తర్వాత వెనక్కి తీసుకున్నారు. తెల్లవారుజామున జార్జి బుష్‌కు ఇచ్చి, దాన్నీ వెనక్కి తీసుకున్నారు. గోర్ ఫోన్ చేసి ఓటమి ఒప్పుకుని, మళ్ళీ ఫోన్ చేసి ఆ మాట ఉపసంహరించుకున్నాడు. దాదాపు అరవై లక్షల ఓట్లలో తొలి లెక్కకు తేడా 1,784. యంత్రాలతో మళ్ళీ లెక్కిస్తే ఇంకా తగ్గింది.

చాలా జిల్లాల్లో ఓటంటే కార్డు మీద సూదితో రంధ్రం పొడవడం. కొన్ని కార్డుల్లో ఆ చిన్న ముక్క ఒక మూలన వేలాడుతోంది. కొన్నిట్లో నొక్కు మాత్రమే పడింది. వాటిని యంత్రం చదవలేదు. ఓటరు ఉద్దేశం చూడమని ఫ్లోరిడా చట్టం చెప్పింది గాని, ఎలా చూడాలో చెప్పలేదు. ఒక జిల్లాలో నొక్కు పడితే చాలన్నారు, మరో జిల్లాలో రెండు మూలలు ఊడాలన్నారు. ఒక జడ్జిగారు కళ్ళు పెద్దవి చేసి కార్డును వెలుతురుకు పెట్టి చూస్తున్న బొమ్మ టీవీలో చూసి, మీటర్లు సరిచూసే నాకు నవ్వూ వచ్చింది, భయమూ వేసింది. పామ్ బీచ్‌లో, వృద్ధులకు అక్షరాలు పెద్దగా కనిపించాలన్న మంచి ఉద్దేశంతో పేర్లను రెండు పేజీల మీద పరచి రంధ్రాలు మధ్యలో పెట్టారు. దాంతో గోర్‌కు వేయబోయి బ్యుకానన్‌కు వేసినవాళ్ళు వేలమంది.

డిసెంబరు 12న సుప్రీంకోర్టు 5–4 తో రీకౌంటింగ్ ఆపేసింది. 537 ఓట్ల తేడాతో బుష్ గెలిచాడు. దేశం మొత్తం మీద గోర్‌కు అయిదు లక్షలకు పైగా ఎక్కువ ఓట్లు ఉన్నాయి. తీర్పు తనకు నచ్చలేదంటూనే మర్నాడు గోర్ ఓటమి ఒప్పుకున్నాడు. జనవరి 6న నిక్సన్ లాగే తన ఓటమిని తానే సభకు చదివి వినిపించాడు.

2020లో జార్జియాలో దాదాపు యాభై లక్షల ఓట్లను చేత్తో ఒకసారి, యంత్రంతో మరోసారి తిరిగి లెక్కించారు. చివరికి జో బైడెన్ ఆధిక్యం 11,779. ఈసారి పరికరం బాగానే ఉంది, కాగితాలూ ఉన్నాయి. ఓటమిని ఒప్పుకోవడమే జరగలేదు. 2021 జనవరి 6న జనం పార్లమెంటు భవనంలోకి చొరబడ్డారు. ఉపాధ్యక్షుడు మైక్ పెన్స్ లెక్కను మార్చే అధికారం తనకు లేదన్నాడు. ఓట్ల లెక్క ఆ తెల్లవారుజామున పూర్తయింది. 1887 చట్టంలోని సందులను 2022లో పూడ్చారు.

ఏ కొలతకైనా కొంత దోషం తప్పదు. తేడా ఆ దోషం కంటే చిన్నదైనప్పుడు నిజంగా ఎవరు గెలిచారో దేవుడికే తెలియాలి. అప్పుడు మనల్ని కాపాడేవి రెండే. ముందే రాసుకున్న నియమం, దాన్ని మన్నించే ఓడినవాడు. మన చట్టంలో 1951 నుంచీ ఒక సెక్షన్ ఉంది. ఇద్దరికీ సమానంగా ఓట్లు వస్తే లాటరీ తీయాలి. చీటీ తీసి చట్టసభకు పంపడమేమిటని చిన్నప్పుడు అనుకునేవాణ్ణి. ఇప్పుడు అనుకోను. అది ఎవరు గెలుస్తారో తెలియక ముందే రాసిన మాట.

మాస్టారు ఇప్పుడు లేరు. ఆ రోజు చీటీలో గెలిచినవాడే పోయిన నెల ఫోన్ చేసి, "ఒరే, సంచికకు ఏదైనా రాసివ్వరా" అన్నాడు. మూడు నెలలు మాట్లాడనందుకు వాడికి నేను బాకీ. ఈ వ్యాసంతో ఆ బాకీ తీరిందనుకుంటున్నాను. తీరలేదంటే ఉత్సవం రోజున భోజనాల దగ్గర తేల్చుకుందాం. నియమాలు మాత్రం ముందే రాసుకుందాం.