పాత ఫిలింను వెదకిపట్టేవారు

1919 ఫిబ్రవరిలో రవీంద్రనాథ ఠాగూరు మదనపల్లెలోని దివ్యజ్ఞాన కళాశాలకు అతిథిగా వచ్చాడు. 'జనగణమన'ను ఆయన ఇంగ్లీషులోకి మార్చినది అక్కడే. నిమ్మనపల్లె మొదలైన చుట్టుప్రక్కల ఊళ్ళవారికి ఇది తెలిసిన కథే. అయితే దీనిని డాక్యుమెంటరీగా తీయబూనినవానికి ఆయన చేతివ్రాత, కళాశాల ఆవరణ, కొన్ని ఛాయాచిత్రాలు తప్ప చేతికందేవి తక్కువ. సత్యజిత్ రాయ్ 1961లో ఠాగూరుపై చిత్రం తీసినప్పుడు కూడా, బాల్య ఘట్టాలకు పాత ఫిలిం లేనందున నటులను పెట్టుకోవలసి వచ్చింది.

ఫిలిం ఉన్నచోట పని సులభమనుకోరాదు. ఆ కష్టం ఎంతటిదో ఎ.కె. చెట్టియారు చరిత్ర చెబుతుంది. టోకియోలోను, న్యూయార్కులోను ఛాయాగ్రహణం నేర్చిన ఈ తమిళ యాత్రికునికి 1937 అక్టోబరు 2న, ఓడ ప్రయాణంలో, గాంధీజీ జీవితాన్ని చిత్రంగా కూర్చాలన్న ఊహ కలిగింది. అంతవరకు పలు దేశాల కెమెరామెన్ తీసిన ముక్కలు ఎక్కడెక్కడో పడి ఉన్నాయి. ఆయన ఖండాలు తిరిగి సుమారు 50,000 అడుగుల ఫిలింను ప్రోగుచేశాడు. అందులోనుండి దాదాపు 12,000 అడుగుల చిత్రం కూర్చి 1940లో తమిళంలో విడుదల చేశాడు. తెలుగు వ్యాఖ్యానంతోనూ అది వచ్చింది. టాకీ వేగంలో నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది కనుక ఇది రెండుంపావు గంటల చిత్రమన్నమాట. పరాయి ప్రభుత్వం ఉండగా ఈ పని చేయడానికి గుండెధైర్యం కూడా కావాలి.

ఈ విద్యకు దారితీసినవారిలో రష్యా దేశపు ఎస్ఫిర్ షూబ్ ముఖ్యురాలు. జారు చక్రవర్తి ఇంటివారి కోసం తీసిన బొమ్మలనే తీసుకొని, ఆమె 1927లో ఆ రాజవంశం పతనాన్ని చూపింది. ఉత్సవం కోసం తీసిన బొమ్మ సాక్ష్యంగా మారిపోయింది!

దొరికిన ముక్క ఏనాటిదో తేల్చడం అన్నిటికన్న చిక్కు. ఈస్ట్‌మన్ కోడక్ వారు 1916 నుండి ఫిలిం అంచున వలయం, చతురస్రం, త్రిభుజం వంటి గుర్తులు వేసేవారు. ఇవి 20 ఏండ్లకొకసారి తిరిగి వచ్చేవి. 1916 నాటి గుర్తే 1936లోనూ కనబడుతుంది. పైగా అది ఫిలిం తయారైన సంవత్సరమేగాని దృశ్యం తీసిన సంవత్సరం కాదు. నకలు తీసినప్పుడు మూలప్రతి గుర్తు కూడా అచ్చుపడి, ఒకే అంచున రెండు గుర్తులు కనబడవచ్చు. అప్పుడు దుస్తులు, దుకాణాల బోర్డులు, నీడల పొడవు కూడా పరిశీలించాలి.

వేగం మరొక సమస్య. మూకీ రోజుల్లో సెకనుకు సుమారు 16 బొమ్మలు తీసేవారు. టాకీ యంత్రం 24 చూపుతుంది. అందుచేత మనుషులు ఒకటిన్నర రెట్ల వేగంతో పరుగెత్తినట్లుంటారు. ప్రతి రెండవ బొమ్మను రెండుసార్లు ముద్రిస్తే 16 కాస్తా 24 అవుతుంది, నడక కుదుటపడుతుంది. గాంధీజీ వేగంగా నడిచేవాడన్నది నిజమే. ఎంత ఆయనది, ఎంత యంత్రానిది అన్నది ఇక్కడ తేలవలసిన విషయం.

ఇంతకూ ముక్క మిగిలి ఉండాలి గదా! పాతకాలపు నైట్రేటు ఫిలిం నిప్పంటుకుంటే నీటికైనా ఆరదు. మండడానికి కావలసిన ఆక్సిజను దానిలోనే ఉంది. పుణేలో జాతీయ ఫిలిం భాండాగారం 1964లో ఏర్పడేనాటికే మూకీలలో అధికభాగం పోయింది. 1921 నాటి 'భీష్మ ప్రతిజ్ఞ' ప్రతి ఒక్కటీ మిగలలేదు. 2003లో పుణేలో చెలరేగిన మంటల్లో మరికొన్ని నైట్రేటు రీళ్ళు బూడిదయ్యాయి.

చెట్టియారు చిత్రానికి ఆంగ్లరూపం 1953లో అమెరికాలో తయారయింది.